పిల్లాడికి భాష అర్థమవుతుంది, తిరిగి మాట్లాడడు: పోయేది భాష ఒక్కటేనా?

గడప_దగ్గర (ప్రశ్న)

చాలా రోజులుగా మనసులో నలుగుతున్న విషయం, కాస్త పొడుగ్గానే రాస్తున్నాను, ఓపిగ్గా చదవండి.

మా వాడికి ఎనిమిదేళ్లు. ఇంట్లో నేనూ మా ఆవిడా తెలుగే మాట్లాడుకుంటాం, వాడికి అంతా అర్థమవుతుంది కూడా, కానీ జవాబు మాత్రం ఇంగ్లీషులోనే వస్తుంది. బడిలో చేరిన కొత్తల్లో టీచర్ పిలిచి "ఇంట్లో కూడా ఇంగ్లీషే మాట్లాడండి, లేకపోతే పిల్లాడు వెనకబడిపోతాడు" అంటే భయపడిపోయి రెండేళ్లు అలాగే చేశాం. ఆ రెండేళ్లలోనే వాడి నోట్లోంచి తెలుగు జారిపోయింది. మళ్లీ మొదలుపెట్టాం గానీ చెవికి వచ్చింది, నోటికి రాలేదు.

పోయిన ఆదివారం వీడియో కాల్‌లో మా అమ్మకి ఒక జోక్ చెప్పాలని వాడు సరదాగా మొదలుపెట్టాడు. నాలుగు మాటలు తెలుగులో చెప్పి, ఆగిపోయి, నా వైపు చూశాడు. నేను అందుకుని మిగతాది తెలుగులో చెప్పాను. మధ్యలో ఇంకొకరు దూరి చెప్పే జోక్‌లో నవ్వొచ్చేదేం ఉంటుంది, అమ్మ వాడి కోసం నవ్వింది, ఆ నవ్వు తన కోసమే తప్ప జోక్‌కి కాదని వాడికి తెలిసిపోయింది, మొహం చిన్నబుచ్చుకున్నాడు. కాల్ పెట్టేసే ముందు "నానమ్మా, మేము మళ్లీ ఎప్పుడు కలుస్తాం?" అన్నాడు. అమ్మ ఒక్క క్షణం ఆగి "మేము కాదు నాన్నా, మనం" అంది. అంతే. కానీ ఆ మాట నన్ను ఇప్పటికీ వదలడం లేదు. వాడు తప్పు మాట వాడాడు, నిజమే, కానీ తెలుగు తెలిసిన చెవికి అది "నువ్వు మాలో లేవు" అన్నట్టు వినపడింది.

ఆఫీసులో ఒక స్నేహితుడు అంటాడు, భాష ఒక పనిముట్టు, సుత్తి మారితే ఇల్లు మారిపోదు కదా అని. ఇంకో పక్క భాష పోతే జాతే పోతుంది అనేవాళ్లున్నారు. నాకు రెండూ అతిగానే అనిపిస్తున్నాయి. మీలో భాషాశాస్త్రం చదివినవాళ్లో, వేరే సమాజాల సంగతి దగ్గరగా తెలిసినవాళ్లో ఉంటే చెప్పండి. భాష నిజంగా మనిషి ఆలోచనని, నేను ఫలానా అనే భావనని మలుస్తుందా? మలిస్తే ఎంతవరకు? పోగొట్టుకున్నవాళ్లు ఎలా ఉన్నారు, వెనక్కి తెచ్చుకున్నవాళ్లు ఎలా తెచ్చుకున్నారు? నినాదాలు వద్దండీ, తెలిసిన విషయం చెప్పండి చాలు.

---

కర్త_కర్మ_క్రియ

నేను చదువుకున్నది భాషాశాస్త్రమే, కాబట్టి మీ ప్రశ్నలో "ఆలోచనని మలుస్తుందా" అన్న ముక్క వరకు చెప్తాను.

ముందుగా, ఈ విషయంలో ఎక్కువగా చెప్పుకునే కథ ఒకటుంది, అది నమ్మకండి. అమెరికాలో హోపీ అనే మూలవాసుల భాషలో కాలాన్ని చెప్పే మాటలే లేవని, అందుకే వాళ్లకి కాలమంటే మనకున్న భావనే లేదని బెంజమిన్ లీ వోర్ఫ్ అనే ఆయన గత శతాబ్దం మొదటి సగంలో రాశాడు. అది ఎంత ప్రచారమైందంటే, భాష అనేది మనసుకి వేసిన జైలు అన్నంత దూరం వెళ్లింది. 1983లో ఎక్కెహార్ట్ మలోత్కి హోపీ మాట్లాడేవాళ్ల దగ్గర ఏళ్ల తరబడి పనిచేసి, ఆ భాషలో కాలాన్ని చెప్పే పద్ధతులు వందల కొద్దీ ఉదాహరణలతో చూపించాడు. ఆ జైలు కథ అక్కడితో పోయింది. మన భాషలో ఒక మాట లేనంత మాత్రాన ఆ ఆలోచన మన బుర్రలోకి రాదనేది తప్పు.

మరి ఏమీ లేదా అంటే, ఉంది. ఏ భాషలోనైనా ఏదైనా చెప్పొచ్చు, కానీ ఏది చెప్పకుండా తప్పించుకోలేం అన్నది మాత్రం భాషకీ భాషకీ మారుతుంది. మీ మనం, మేము అచ్చం ఇదే. ఇంగ్లీషులో రెండిటికీ ఒకటే మాట. ఎదుటివాణ్ణి కలుపుకుంటున్నామా లేదా అని ఇంగ్లీషువాడికి తెలియదా, తెలుసు, కానీ ప్రతిసారీ చెప్పి తీరాల్సిన అవసరం లేదు. మనం నోరు తెరిస్తే తేల్చాల్సిందే. మలయ్ భాషలో కిత, కమి అని, న్యూజీలాండ్ మూలవాసుల భాష మావోరీలో తాతౌ, మాతౌ అని ఇదే తేడా ఉంది. పసిఫిక్‌లో వనువాటు అనే చిన్న దేశం ఉంది, ద్వీపానికో భాష చొప్పున కాదు, ద్వీపానికి ఎన్నో భాషలు, మొత్తం వందకి పైనే. 1980లో స్వతంత్రం వచ్చాక వాళ్ల జాతీయ గీతం బిస్లామా అనే ఉమ్మడి భాషలో రాసుకున్నారు, అది మొదలయ్యేదే "యుమి" అనే మాటతో. అంటే అక్షరాలా "మనం", ఎవరినీ బయట పెట్టని మనం. వంద భాషల జనం ఒక్క దేశం కావడానికి మొదట వాడుకున్న మాట అది.

ఇక ఆలోచన మీద ప్రభావం బాగా కళ్లకి కట్టే ఉదాహరణ గూగు యిమిథిర్. ఆస్ట్రేలియా ఈశాన్య తీరంలో మాట్లాడే భాష, కంగారూ అన్న మాట ప్రపంచానికి ఇచ్చింది ఇదే. వీళ్లు స్థలం చెప్పడానికి కుడి, ఎడమ వాడరు, దిక్కులే వాడతారు. నీ ఉత్తరం చేతి పక్కన ఏదో పాకుతోంది అన్నట్టు. అక్కడ ఒక పెద్దాయన కుర్రతనంలో తన పడవ ఎలా తిరగబడిందో చెబుతుంటే 1980లో ఒక పరిశోధకుడు వీడియో తీశాడు, రెండేళ్ల తర్వాత అదే కథని ఇంకో పరిశోధకుడు తీశాడు. మొదటిసారి ఆయన పడమర వైపు తిరిగి కూర్చున్నాడు, పడవ పడింది కూడా తూర్పు నుంచి పడమరకి కాబట్టి చేతులు ముందుకి తిప్పి చూపించాడు. రెండోసారి ఉత్తరం వైపు తిరిగి కూర్చున్నాడు. ఈసారి చేతులు ముందుకి వెళ్లలేదు, కుడి నుంచి ఎడమకి తిరిగాయి. ఎందుకంటే అది కూడా తూర్పు నుంచి పడమరే. ఎన్నో ఏళ్ల నాటి సంఘటన, అందులో ఏది ఏ దిక్కున జరిగిందో మనసులో చెక్కుచెదరకుండా ఉంది, అది కావాలని గుర్తుపెట్టుకున్నదీ కాదు. ఆ భాష మాట్లాడాలంటే పొద్దున లేచినప్పటి నుంచి దిక్కులు గమనిస్తూ ఉండాల్సిందే కదా.

రంగుల మీద కూడా 2007లో ఒక ప్రయోగం వచ్చింది. రష్యన్‌లో ముదురు నీలానికి సీనీ, లేత నీలానికి గలుబోయ్ అని రెండు వేర్వేరు మాటలు, మన ఎరుపు, గులాబీ రంగుల్లాగా. రెండు నీలాలు ఈ గీతకి చెరో పక్క పడితే రష్యన్ మాట్లాడేవాళ్లు వాటిని కొంచెం తొందరగా వేరుచేశారు. అదే సమయంలో వాళ్లని మనసులో అంకెలు వల్లెవేస్తూ ఉండమంటే ఆ తొందర పోయింది. అంటే కన్ను మారలేదు, మాట పక్కనుండి సాయం పట్టింది. ప్రభావం ఉంది, కానీ ఈపాటిది.

వ్యాకరణం చూసి సంస్కృతి చెప్పేసే తొందర కూడా వద్దు. తెలుగులో "ఆమె వచ్చింది", "బండి వచ్చింది" రెండిటికీ క్రియ ఒకటే, "అతను వచ్చాడు" మాత్రం వేరు. ఇది చూపించి మన భాషే ఆడవాళ్లని వస్తువుల్లో కలిపేసింది అనేవాళ్లున్నారు. అలా అయితే బహువచనంలో "వాళ్లు వచ్చారు" అని ఆడా మగా ఒక్కటే అయిపోతారు, దానికేమంటారు? పర్షియన్‌లో, టర్కిష్‌లో, ఫిన్నిష్‌లో అతను, ఆమె అన్న తేడానే లేదు, మరి ఆ మూడు సమాజాల్లో ఆడవాళ్ల పరిస్థితి ఒక్కటేనా? కాదు. కాబట్టి వ్యాకరణం నుంచి నేరుగా బతుకులోకి గీత గీయలేం. మీరు పోగొట్టుకుంటున్నది ఆలోచించే శక్తి కాదండీ. గమనించే అలవాట్లు కొన్ని, మనుషుల మధ్య నిలబడే పద్ధతులు కొన్ని.

---

గడప_దగ్గర

చాలా థాంక్సండీ. పడవ కథ రాత్రి మా వాడికి చెప్పాను, అప్పటి నుంచి ఇంట్లో ఉత్తరం ఎటో వెతుకుతున్నాడు. "మనుషుల మధ్య నిలబడే పద్ధతులు" అన్నారే, నాకు కావాల్సింది అదే. దాని గురించి ఇంకొంచెం ఎవరైనా చెప్పండి.

---

చెట్టు_నీడ

మీ వాడి టీచర్ మాట చదివి ఆగలేక రాస్తున్నాను. ఆవిడ చెడ్డ ఉద్దేశంతో అని ఉండరు, తెలుసు. కానీ ఆ సలహా వెనక పెద్ద చరిత్రే ఉంది.

పంతొమ్మిదో శతాబ్దంలో వేల్స్‌లో కొన్ని బళ్లలో ఒక చెక్కముక్క ఉండేది, దాన్ని వెల్ష్ నాట్ అనేవాళ్లు. పిల్లాడు బడిలో వెల్ష్ మాట్లాడుతూ దొరికితే మెడలో వేసేవాళ్లు. ఇంకొకడెవడైనా వెల్ష్ మాట్లాడితే అది వాడి మెడలోకి మారుతుంది. సాయంత్రం బడి వదిలేసరికి ఎవరి మెడలో ఉంటే వాడికి దెబ్బలు. ఒక్కసారి ఊహించుకోండి, మెడలో చెక్క ఉన్న పిల్లాడు రోజంతా ఏం చేస్తాడు? ఎవరు నోరు జారతారా అని తన స్నేహితుల మాటలే చెవులు రిక్కించి వింటాడు. తన భాష మాట్లాడేవాణ్ణి పట్టించడమే తను తప్పించుకునే దారి. ఐర్లాండ్‌లో కర్రకి గాట్లు పెట్టేవాళ్లు, ఫ్రాన్స్‌లో బ్రెటన్ పిల్లలకి ఇలాంటి గుర్తే మెడలో వేలాడేది, జపాన్‌లో ఒకినావా పిల్లలకి హోగెన్ ఫుదా అనే పలక. ఎక్కడెక్కడో ఉన్న దేశాలు, చేతికి తీసుకున్న పనిముట్టు మాత్రం ఒకటే.

ఆ చెక్క ఒక్కటే ఒక భాషని చంపదు. కానీ ఆ పిల్లలు పెద్దయ్యాక తమ పిల్లలతో ఏ భాష మాట్లాడతారు? మావోరీల విషయంలో ఇది బాగా కనిపిస్తుంది. 1867 చట్టంతో వాళ్ల పిల్లల బళ్లు ఇంగ్లీషువైపు తిరిగాయి, మావోరీ మాట్లాడితే కొట్టిన బళ్లున్నాయి. ఆ దెబ్బలు తిన్నవాళ్లు తమ పిల్లలకైనా ఆ బాధ వద్దనుకున్నారు. అంటే భాష ఆగిపోయింది ద్వేషంతో కాదు, ప్రేమతో. మీరు ఆ రెండేళ్లు చేసిందీ అదే, కాబట్టి మిమ్మల్ని మీరు తిట్టుకోవద్దు.

వాళ్లు వెనక్కి తెచ్చుకున్న తీరు చూడండి. 1972లో ముప్పై వేల మందికి పైగా సంతకాలతో, బళ్లలో మావోరీ నేర్పాలని పార్లమెంటుకి అర్జీ ఇచ్చారు. 1982లో కోహంగ రేయో మొదలైంది, ఆ మాటకి అర్థం భాషా గూడు అని. పనిచేసే పద్ధతి చాలా సింపుల్. నడివయసు వాళ్లకి భాష రాదు, తాతలకీ అమ్మమ్మలకీ వచ్చు, పసిపిల్లలు ఏ భాష అయినా పట్టేస్తారు. ఆ మధ్య తరాన్ని దాటేసి ముసలివాళ్లనీ పసివాళ్లనీ ఒక గదిలో కూర్చోబెట్టారు, లోపల మావోరీ తప్ప ఇంకో మాట లేదు. 1987లో మావోరీ అధికార భాష అయింది. హవాయీలో 1896 నుంచి బళ్లలో బోధన ఇంగ్లీషులోనే ఉండాలని చట్టం ఉండేది, వాళ్లు 1984లో ఈ గూళ్ల పద్ధతినే తీసుకుని పూనన లేయో మొదలుపెట్టారు. గమనించారా, అంతా నిలబడింది నానమ్మల మీద.

భాషతో పాటు ఇంకేం వచ్చింది అంటే, మావోరీలో ఫెనువా అంటే నేల, బిడ్డతో పాటు వచ్చే మాయని కూడా ఫెనువా అనే అంటారు. హపూ అంటే గర్భవతి, వంశం కూడా. ఈవి అంటే ఎముక, తెగ కూడా. ఫానౌ అంటే కుటుంబం, పుట్టడం కూడా. మావోరీ మనిషి పద్ధతి ప్రకారం తన గురించి చెప్పుకునేటప్పుడు తన కొండ పేరు, తన నది పేరు చెప్పాకే సొంత పేరు చెప్తాడు. పైన కర్త_కర్మ_క్రియ గారు అన్నట్టు మాటల్ని బట్టి మనసుని కొలవకూడదు, ఒప్పుకుంటాను. కానీ 2017లో న్యూజీలాండ్ పార్లమెంటు వంగనుయి నదికి మనిషికి ఉన్నట్టు చట్టపరమైన హక్కులు ఇస్తూ చట్టం చేసింది, దాని వెనక ఆ నది ఒడ్డు జనం తరతరాలుగా చెప్పుకునే "నేనే నది, నదే నేను" అన్న మాట ఉంది. ఆ మాట ఇంగ్లీషులో చెబితే కవిత్వంలా ఉంటుంది, వాళ్లకి మాత్రం అది చుట్టరికం.

---

వేళ్ల_చివర

నాది వేరే దారి నుంచి వచ్చిన అనుభవం. మా అమ్మానాన్నలిద్దరూ చెవిటివాళ్లు, నాకు వినపడుతుంది. నేను మొదట నేర్చుకున్నది సంజ్ఞా భాష, నోటితో మాట్లాడటం తర్వాత వచ్చింది.

అందరూ భాష అనగానే పుట్టుక, రక్తం, పూర్వీకులు అంటారు. చెవిటి పిల్లల్లో ఎక్కువ మంది వినగలిగే అమ్మానాన్నలకే పుడతారు. అంటే వాళ్ల భాష అమ్మ దగ్గర రాదు, తోటివాళ్ల దగ్గర వస్తుంది. వాళ్లకి ఇల్లు ఒక చోట, మనవాళ్లు అనిపించేది ఇంకో చోట. నాన్న అంటారు, పన్నెండేళ్లకి మొదటిసారి చెవిటి పిల్లల మధ్యకి వెళ్లినప్పుడు తను మాటలు నేర్చుకున్నట్టు అనిపించలేదట, తను ఎవరో అప్పుడు తెలిసినట్టు అనిపించిందట. నికరాగువాలో 1970ల చివర, 1980ల మొదట్లో ఇది ప్రపంచం కళ్ల ముందే జరిగింది. అంతకుముందు విడివిడిగా ఇళ్లలో ఉన్న చెవిటి పిల్లల్ని ఒక బడిలో చేర్చారు. టీచర్లు పెదవుల కదలిక చూసి స్పానిష్ నేర్చుకోమన్నారు, అది పెద్దగా రాలేదు. కానీ ఆటస్థలంలో, బస్సులో పిల్లలు ఒకళ్లతో ఒకళ్లు చేతులతో మాట్లాడుకుంటూ కొత్త భాష పుట్టించేశారు, తర్వాత చేరిన చిన్నపిల్లలు దానికి పూర్తి వ్యాకరణం తెచ్చారు. సమాజం, భాష రెండూ కలిసే పుట్టాయి, ఏది ముందో చెప్పలేం.

చెట్టు_నీడ గారు చెప్పిన చెక్కముక్క మాకూ ఉంది. 1880లో మిలాన్‌లో చెవిటి పిల్లల చదువు మీద ఒక మహాసభ జరిగింది. సంజ్ఞలు మానిపించి నోటి మాటే నేర్పాలని తీర్మానించింది, ఓటు వేసినవాళ్లు దాదాపు అందరూ వినగలిగినవాళ్లే. ఆ తర్వాత చాలా దేశాల్లో పిల్లల చేతులు కట్టేసినంత పని చేశారు. 2010లో వాంకూవర్‌లో జరిగిన సభలో ఆ తీర్మానాలకి విచారం తెలిపారు. నూట ముప్పై ఏళ్ల తర్వాత.

మాలో ప్రతివాళ్లకీ ఒక సంజ్ఞ పేరు ఉంటుంది. అది మనంతట మనం పెట్టుకునేది కాదు, మన చుట్టూ ఉన్నవాళ్లు మనల్ని చూసి ఇస్తారు. నా పేరు ఇలా ఉంటుంది: బొటనవేలు, చూపుడువేలితో చెవితమ్మె పట్టుకుని రెండుసార్లు మెల్లగా లాగడం. పసిపిల్లప్పుడు నిద్రొస్తే నేను చెవితమ్మె పట్టుకునేదాన్నట, అమ్మ అది చూసి పెట్టింది. ఈ పేరుని నోటితో పిలవలేరు. కాగితం మీద రాయలేరు. నన్ను ఈ పేరుతో పిలిచేవాళ్లు ఇప్పుడు ముప్పై మంది ఉంటారేమో, వాళ్లు లేని రోజున ఆ పేరూ ఉండదు.

గడప_దగ్గర గారూ, మీ జోక్ సంగతి దగ్గరికి వస్తాను. నాకు తొమ్మిదేళ్లప్పుడు నాన్నకి ఒంట్లో బాగోలేక ఆసుపత్రికి వెళ్తే, డాక్టర్ నాన్న మొహం కూడా చూడకుండా అన్నీ నాతోనే చెప్పాడు, "మీ నాన్నకి చెప్పు" అంటూ. నేను మధ్యలో ఉన్నంతసేపూ నాన్న ఆ గదిలో లేనట్టే అయిపోయారు. అప్పుడు నాకు తెలిసింది, మధ్యలో నిలబడేవాడు ఎంత ప్రేమగా నిలబడినా అడ్డమే. మీరు కూడా ఆ కాల్‌లో అడ్డం తొలగండి. వాడికి మాట రాకపోతే రాకపోనీ. చేతులతో చూపిస్తాడు, మొహంతో చూపిస్తాడు, బొమ్మ గీస్తాడు, ఆవిడ అర్థం చేసుకుంటారు. నా మాట నమ్మండి, మొహం సగం భాష.

---

మీరు_నువ్వు

చిన్న సంగతి ఒకటి. భాష మనుషుల మధ్య దూరం పెడుతుంది, తీసేస్తుంది కూడా. స్వీడన్‌లో ఒకప్పుడు పెద్దవాళ్లని "నువ్వు" అనకూడదు, "మీరు" అన్నా కొందరికి చిన్నచూపులా ఉండేది, కాబట్టి ఎదురుగా ఉన్న మనిషినే హోదా పేరు పెట్టి "డైరెక్టర్ గారు కాఫీ తాగుతారా" అన్నట్టు మాట్లాడేవాళ్లు. 1967లో అక్కడి ఆరోగ్య శాఖ పెద్ద బ్రోర్ రెక్సెడ్, ఉద్యోగులందరినీ "దు" అంటే నువ్వు అనే పిలుస్తానని ప్రకటించాడు. కొన్నేళ్లలో దేశమంతా నువ్వుకి మారిపోయింది. అప్పటికే జనం మనసు సమానత్వం వైపు జరిగింది కాబట్టే ఆ మాట అంత తొందరగా పట్టుకుంది, ఆయన ఒక్కడి వల్ల కాదు. ఇండోనేషియాలో కూడా 1928లో యువజన సంఘాల మహాసభ ఉమ్మడి భాషగా ఎక్కువమంది మాట్లాడే జావనీస్‌ని కాకుండా మలయ్‌ని ఎంచుకుంది. జావనీస్‌లో ఎదుటివాడి స్థాయిని బట్టి మాటలే మారిపోతాయి.

---

తూకం_రాళ్లు

అందరూ బాగా రాశారు, కానీ నాకు కొంచెం గాబరాగా ఉంది, ఎందుకంటే భాషే గుర్తింపు అన్న మాట చాలా సులభంగా చేతి కర్ర అయిపోతుంది.

ఐర్లాండ్ తీసుకోండి. 1937 రాజ్యాంగంలో ఐరిష్ మొదటి అధికార భాష. బడిలో దాదాపు అందరూ చదువుతారు. కానీ బడి బయట రోజూ ఐరిష్ మాట్లాడేవాళ్లు చాలా తక్కువ మంది. అలాగని వాళ్లు ఐరిష్‌వాళ్లు కాకుండా పోయారా? ఆ మాట అంటే ఎవరూ ఊరుకోరు. దీనికి పూర్తిగా ఎదురు స్పెయిన్, ఫ్రాన్స్ సరిహద్దులో ఉండే బాస్క్ వాళ్లు. వాళ్ల భాషలో బాస్క్ మనిషిని యూస్కల్దున్ అంటారు, అసలు అర్థం "బాస్క్ భాష ఉన్నవాడు" అని. అక్కడ మనిషి పేరులోనే భాష ఉంది. మరి భాష రాని బాస్క్ తల్లికి పుట్టినవాణ్ణి ఏమనాలి అన్న ప్రశ్న వాళ్లని ఇప్పటికీ ఇబ్బంది పెడుతూనే ఉంటుంది.

యుగోస్లావియా ఉన్నప్పుడు సెర్బో-క్రొయేషియన్ అని ఒక భాష ఉండేది. 1990లలో దేశం ముక్కలయ్యాక ఆ ఒక్క భాషకే ఇప్పుడు సెర్బియన్, క్రొయేషియన్, బోస్నియన్, మాంటెనెగ్రిన్ అని నాలుగు పేర్లు. ఒకరు మాట్లాడితే ఇంకొకరికి ఇబ్బంది లేకుండా అర్థమవుతుంది. ఇక్కడ భాష గుర్తింపుని మలచలేదు, గుర్తింపే భాషని నరికింది.

అన్నిటికంటే నన్ను కదిలించేది బంగ్లాదేశ్. 1952 ఫిబ్రవరి 21న ఢాకాలో బెంగాలీ కోసం విద్యార్థులు కాల్పుల్లో చనిపోయారు, ఆ తేదీనే 1999లో యునెస్కో అంతర్జాతీయ మాతృభాషా దినోత్సవంగా ప్రకటించింది. మతం ఒకటే అయినా భాష వేరని మొదలైన గొడవ 1971లో కొత్త దేశం దాకా వెళ్లింది. ఇంతవరకు అందరికీ తెలుసు. ఆ తర్వాతది తక్కువమందికి తెలుసు. 1972 రాజ్యాంగంలో దేశ పౌరులందరూ బెంగాలీలుగా పిలవబడతారని రాశారు. చిట్టగాంగ్ కొండల్లో చక్మాలు ఉన్నారు, వాళ్ల భాష వేరు. వాళ్ల ప్రతినిధి మానవేంద్ర నారాయణ్ లార్మా సభలోనే లేచి అభ్యంతరం చెప్పారు, మేము బెంగాలీలం కాదని. భాష కోసం అంత నెత్తురు ధారపోసినవాళ్లకి కూడా, పక్కవాడికీ ఒక భాష ఉందన్నది ఏడాది తిరక్కముందే మరుపుకొచ్చింది.

కాబట్టి గడప_దగ్గర గారూ, పిల్లాడికి తెలుగు నేర్పండి, తప్పకుండా నేర్పండి. కానీ "తెలుగు రాకపోతే నువ్వు మావాడివి కాదు" అన్న మాట మాత్రం ఇంట్లో సరదాకి కూడా రానివ్వకండి. మీ అమ్మగారు చెప్పిన "మనం" ఎంత బాగుందో చూడండి, తప్పు దిద్దుతూనే వాణ్ణి లోపలికి లాక్కున్నారు.

---

గడప_దగ్గర

వారం తర్వాత రాస్తున్నాను. అందరికీ పేరుపేరునా చెప్పాలనుంది. తూకం_రాళ్లు గారూ, మీ చివరి మాట మా ఆవిడకి చదివి వినిపించాను. నిజం చెప్పాలంటే ఆ మాట మేము ఇంతకుముందు ఒకటి రెండుసార్లు అన్నాం, సరదాగానే అన్నాం, ఇక అనం.

వేళ్ల_చివర గారూ, మీరు చెప్పినట్టే చేశాను. నిన్న కాల్ కలిపి, ఫోన్ వాడి చేతికిచ్చి, నేను పక్క గదిలోకి వెళ్లి తలుపు ఓరగా వేసి కూర్చున్నాను. మొదటి రెండు నిమిషాలు ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ కూర్చున్నారు, లేచి వెళ్దామని చాలా అనిపించింది. తర్వాత వాడు ఆటలో పడి దెబ్బ తగిలిన సంగతి మొదలుపెట్టాడు. ఒక మాట తెలుగు, మూడు మాటలు ఇంగ్లీషు. అమ్మ "ఎక్కడ తగిలింది?" అంది. వాడికి మోకాలు అన్న మాట రాలేదు. కుర్చీ చప్పుడైంది, వాడు లేచి కాలు ఎత్తి కెమెరాకి పెట్టినట్టున్నాడు. "అయ్యో, మోకాలు" అంది అమ్మ. "మోకాలు" అన్నాడు వాడు. తర్వాత అమ్మ తన మోకాలి నొప్పి గురించి చెప్పడం మొదలుపెట్టింది, వాడేమో మధ్యమధ్యలో "అవునా" అంటూ వింటున్నాడు.

పదిహేడు నిమిషాలు మాట్లాడుకున్నారు. సగం నాకే అర్థం కాలేదు.